లేని గోడ, కిందికి దిగిన ఆకాశం: జేమ్స్ టరెల్ కళలో కన్ను చేసే పని

1980లో న్యూయార్క్‌లోని విట్నీ మ్యూజియంలో జేమ్స్ టరెల్ అనే అమెరికన్ కళాకారుడి ప్రదర్శన జరిగింది. చూడటానికి వచ్చినవాళ్లలో ఒకామె గోడకు ఆనుకోబోయింది. అక్కడ గోడ లేదు. కింద పడింది, దెబ్బలు తగిలాయి, కేసు వేసింది. అలా పడి కోర్టుకెళ్లింది ఆమె ఒక్కతే కాదు. వాళ్లంతా గోడ అనుకున్నది ఉత్త వెలుగు.

ఈ సంగతిని మామూలుగా నవ్వుకోవడానికి చెప్పుకుంటారు. కానీ టరెల్ కళను అర్థం చేసుకోవడానికి ఇంతకంటే మంచి మొదలు దొరకదు. పడినవాళ్ల చూపులో లోపమేమీ లేదు. నిజానికి ఆరోగ్యంగా ఉన్న ఏ కన్నయినా అక్కడ గోడ ఉందనే చెబుతుంది. తెలియనిచోట ఊహించుకుని నింపేయడం, ఆ ఊహనే 'చూశాను' అని మనతో అనిపించడం కంటి పని, దాని వెనకున్న మెదడు పని. మామూలు రోజుల్లో ఈ ఊహ తొంభైతొమ్మిది సార్లు సరిపోతుంది కాబట్టి అది ఊహ అని మనకు తట్టదు.

టరెల్‌ని 'వెలుగుతో బొమ్మలు కట్టే కళాకారుడు' అని పరిచయం చేస్తారు. అది సగమే నిజం. ఆయన వెలుగును తెచ్చి పెట్టడం కంటే మిగతావాటిని తీసేయడం మీద ఎక్కువ కష్టపడతారు. ఒక వస్తువు ఎంత దూరంలో ఉందో, గట్టిదో బోలుదో, దాని మీద వెలుగు ఎటునుంచి పడుతోందో తేల్చుకోవడానికి కంటికి కొన్ని ఆనవాళ్లు కావాలి. అంచు మందం, పైనున్న గరుకుదనం, నీడ, దీపం ఉన్న చోటు. టరెల్ గదుల్లో ఇవి ఒక్కొక్కటిగా మాయమవుతాయి. అంచును కత్తి వాదరలా పల్చగా చెక్కిస్తారు, మందం కనబడదు. గోడలకు ఎక్కడా మరక లేకుండా, గీత లేకుండా రంగు వేయిస్తారు. దీపాలను చూసేవాళ్లకు కనబడనిచోట దాచేస్తారు. పక్కగదిలోకి తెరిచిన పెద్ద చదరపు కంత అప్పుడు గోడకు తగిలించిన రంగు పలకలా కనిపిస్తుంది. దగ్గరికెళ్లి చెయ్యి చాపితే చెయ్యి లోపలికి పోతుంది. అప్పటికి గానీ కన్ను ఒప్పుకోదు.

ఆయన ఈ దారిలోకి వచ్చింది ఆర్ట్ స్కూల్ నుంచి కాదు. 1943లో లాస్ ఏంజెలిస్‌లో, క్వేకర్ల కుటుంబంలో పుట్టారు. క్వేకర్లు క్రైస్తవంలో ఒక శాఖ. వాళ్ల సంప్రదాయపు ప్రార్థనలో ప్రసంగం ఉండదు, పాట ఉండదు, బలిపీఠం ఉండదు. బల్లల మీద ఎదురెదురుగా కూర్చుని మౌనంగా ఉంటారు. ఆ మౌనంలో ఏం చెయ్యాలని చిన్నప్పుడు అడిగితే, లోపలికి వెళ్లి వెలుగును పలకరించమని నాయనమ్మ చెప్పిందని టరెల్ చాలాసార్లు చెప్పుకున్నారు. తండ్రి విమానాల ఇంజనీరు. పదహారేళ్లకే టరెల్‌కి పైలట్ లైసెన్స్ వచ్చింది. కాలిఫోర్నియాలోని పొమోనా కాలేజీలో చదివింది మనస్తత్వశాస్త్రం, అందులోనూ ఇంద్రియాలు లోకాన్ని ఎలా గ్రహిస్తాయన్న విభాగం. 1965లో డిగ్రీ పూర్తయింది. కళాచరిత్ర క్లాసుల్లో స్లయిడ్లు వేస్తుంటే తెర మీది బొమ్మల కంటే, చీకటిగదిలో ప్రొజెక్టర్ నుంచి తెర దాకా సాగే ఆ వెలుగుచారే తనను ఎక్కువ పట్టుకుందని కూడా ఆయనే అన్నారు. ప్రార్థన, విమానం, మనస్తత్వశాస్త్రం ఈ మూడూ తర్వాతి పనిలో ఎక్కడో ఒకచోట తగులుతూనే ఉంటాయి.

1966లో శాంటా మోనికాలోని ఓషన్ పార్క్ దగ్గర మెండోటా అనే మూతబడిన హోటల్‌ని అద్దెకు తీసుకుని స్టూడియోగా మార్చుకున్నారు. మొదట చేసిన పని కిటికీలన్నీ మూసేసి, గోడలకు తెల్లరంగు వేయడం. ఆ ఖాళీ గదిలో, రెండు గోడలు కలిసే మూలలోకి ప్రొజెక్టర్‌తో ఒక తెల్లటి ఆకారాన్ని వేశారు. దూరం నుంచి చూస్తే మూలలో గాల్లో తేలుతున్న తెల్లటి ఘనం కనిపిస్తుంది. ముట్టుకుంటే బరువుంటుందేమో అనిపించేంత గట్టిగా ఉంటుంది. దగ్గరికి నడిస్తే అది చదునైపోయి రెండు గోడల మీద పడ్డ వెలుగుమచ్చగా మిగులుతుంది. 1967 నాటి 'అఫ్రమ్ 1 (వైట్)' ఈ వరుసలోదే.

ఇక్కడ జరిగేది మంత్రమేమీ కాదు. మన రెండు కళ్లకూ మధ్య రెండున్నర అంగుళాల ఎడం ఉంటుంది. రెండింటికీ కాస్త తేడాగా బొమ్మలు అందుతాయి, ఆ తేడాతో మెదడు లోతును లెక్కగడుతుంది. దగ్గరి వస్తువులకు ఈ లెక్క బాగా పనిచేస్తుంది. దూరం పెరిగేకొద్దీ ఆ తేడా సన్నబడి, లెక్క బలహీనపడుతుంది. అప్పుడు మెదడు గీతలు కలిసిన తీరును బట్టి, అలవాటును బట్టి తీర్పు చెప్పేస్తుంది: ఇది డబ్బా. టరెల్ ఆ తీర్పు ఇప్పించి, తర్వాత నాలుగడుగులు ముందుకు వేయనిచ్చి, దాన్ని మనచేతే కొట్టేయిస్తారు.

తర్వాత ఆ హోటల్ కిటికీ మూతల్లో చిన్న చిన్న సందులు తెరవడం మొదలుపెట్టారు. రాత్రిపూట వీధిదీపం, పోయే కారు హెడ్‌లైట్, మారే ట్రాఫిక్ సిగ్నల్, వెన్నెల, ఏది ఎప్పుడు లోపలికి రావాలో ఒక వరుసగా అమర్చి, ఒక గదిలోంచి ఇంకో గదిలోకి ప్రేక్షకులను నడిపించేవారు. కొనడానికి ఏమీ లేని కళ ఇది. గ్యాలరీలకు ఇది తలనొప్పి కావడంలో ఆశ్చర్యం లేదు.

1960ల చివర్లో లాస్ ఏంజెలిస్ కౌంటీ మ్యూజియం కళాకారులనూ పరిశ్రమలనూ కలిపే పథకం ఒకటి మొదలుపెట్టింది. టరెల్, ఆయన కంటే పెద్దవాడైన కళాకారుడు రాబర్ట్ ఇర్విన్, గారెట్ అనే ఏరోస్పేస్ కంపెనీలో వ్యోమగాముల గ్రహణశక్తి మీద పనిచేస్తున్న మనస్తత్వవేత్త ఎడ్ వర్ట్స్ ఒక జట్టయ్యారు. చిన్న చప్పుడు కూడా ప్రతిధ్వనించని గదిలో చీకట్లో కూర్చోవడం, ఆ తర్వాత బయటికొచ్చి లోకం ఎలా ఉందో చెప్పడం వాళ్ల ప్రయోగాల్లో ఒకటి. బయటికొచ్చాక చెట్లు, వీధులు కొత్తగా, మరింత పదునుగా కనిపించాయని పాల్గొన్నవాళ్లు చెప్పారు. చివరికి మ్యూజియంలో పెట్టడానికి ఏ వస్తువూ తయారుకాలేదు, టరెల్ మధ్యలోనే జట్టు వదిలి వెళ్లిపోయారు. అయినా ఆ పథకంలో ఎక్కువకాలం నిలిచిన ఫలితం బహుశా ఇదే.

ఆ ప్రయోగాల్లో ముఖ్యమైన మాట 'గాంజ్‌ఫెల్డ్'. జర్మన్‌లో దానికి 'మొత్తం క్షేత్రం' అని అర్థం. చూపు మేర అంతా ఒకే రంగు, ఒకే వెలుగు, ఎక్కడా గీత గానీ మచ్చ గానీ లేకపోతే ఏమవుతుందని వోల్ఫ్‌గాంగ్ మెట్జ్‌గర్ అనే జర్మన్ మనస్తత్వవేత్త 1930లలో పరిశీలించారు. చూసేవాళ్లు ఎదురుగా గోడ ఉందని చెప్పలేదు. దూరం తెలియని పొగమంచులో ఉన్నట్టుందన్నారు. 1951లో మరికొందరు పరిశోధకులు పింగ్‌పాంగ్ బంతిని సగానికి కోసి, ఆ చిప్పలను కళ్ల మీద పెట్టి, పైనుంచి ఎర్రటి వెలుగు వేశారు. కొద్ది నిమిషాల్లో చాలామందికి ఆ ఎరుపు కనిపించకుండా పోయి బూడిదరంగు మిగిలింది. దీపం ఎర్రగానే వెలుగుతోంది, కళ్లు తెరిచే ఉన్నాయి, అయినా రంగు లేదు.

కారణం కంటి నిర్మాణంలోనే ఉంది. కన్ను మీటరులా వెలుగును కొలవదు, తేడాలను పసిగడుతుంది. ఈ చివర నుంచి ఆ చివరకు ఏదైనా మారిందా, ఇందాకటికీ ఇప్పటికీ మారిందా అన్నదే దానికి వార్త. మారనిదాన్ని వదిలేస్తుంది. అందుకే ఎటూ చూడకుండా ఒకేచోట చూపు నిలిపినా కనుగుడ్లు సన్నగా అదురుతూనే ఉంటాయి. ఆ అదురు లేకపోతే ఎదురుగా ఉన్నది కూడా చెరిగిపోతుంది. గాంజ్‌ఫెల్డ్‌లో కన్ను ఎటు కదిలినా అదే వెలుగు, కాబట్టి చెప్పడానికి వార్తే లేదు. మంచు ఎడారుల మీద, దట్టమైన మేఘంలో ఎగిరే పైలట్లకు పైదేదో కిందిదేదో తెలియకుండా పోవడం ఈ కోవలోదే. టరెల్‌కి అది పుస్తకంలో చదివిన విషయం మాత్రమే కాదు.

ఆయన తర్వాత కట్టిన గాంజ్‌ఫెల్డ్ గదుల్లో మూలలు ఉండవు, గోడా నేలా గుండ్రంగా కలిసిపోతాయి. చెప్పులు తీసి, తెల్లటి తొడుగులు వేసుకుని, కొద్దిమందే ఒకసారి లోపలికి వెళ్లాలి. సిబ్బంది పక్కన కాపలా ఉంటారు, ఎందుకంటే ముందు గది ఎక్కడ ఆగిందో కంటికి తెలియదు. విట్నీలో పడినవాళ్ల కథ మ్యూజియాలు మర్చిపోలేదు.

దీనికి పూర్తిగా అవతలి కొసన ఉంటాయి చీకటి గదులు. జపాన్‌లోని నవోషిమా ద్వీపంలో తడావో ఆండో కట్టిన నల్లటి చెక్క భవనంలో 1999 నుంచి 'బ్యాక్‌సైడ్ ఆఫ్ ద మూన్' ఉంది. గోడ పట్టుకుని తడుముకుంటూ వెళ్లి బల్ల మీద కూర్చోవాలి. కళ్లు మూసుకున్నా తెరిచినా ఒకటే. కొన్ని నిమిషాలు గడిచాక ఎదురుగా ఒక మసక చదరం పుడుతుంది. కాసేపటికి అది స్పష్టమై, లేచి దానివైపు నడవగలిగేంత అవుతుంది. ఈలోగా ఎవరో దీపం పెంచారని చాలామంది అనుకుంటారు. ఎవరూ పెంచలేదు. ఆ వెలుగు మొదటి నుంచీ అంతే ఉంది.

ఆట మొదలయ్యాక సినిమా హాల్లోకి వెళ్లినవాళ్లందరికీ ఇందులో సగం తెలుసు. మొదట సీటు కనబడదు, టార్చిలైటు మనిషి కావాలి. పది నిమిషాల తర్వాత ఆలస్యంగా వచ్చి తడబడేవాళ్లను చూసి మనమే నవ్వుకుంటాం. నేత్రపటలంలో రంగులు చూసే శంకువులు చీకటికి పది నిమిషాల్లోపే అలవాటు పడతాయి, కానీ అంతకంటే మసకను చూడలేవు. ఆ తర్వాతి పని దండకణాలది. వాటిలోని రోడాప్సిన్ అనే పదార్థం వెలుతురులో కరిగిపోయి, చీకట్లో మెల్లగా మళ్లీ చేరుతుంది. పూర్తిగా చేరడానికి అరగంట పైనే పడుతుంది. సినిమా హాల్లో ఈ సంగతి సీటు వెతుక్కోవడానికి అడ్డం. టరెల్ గదిలో మాత్రం ఇదే సినిమా. తెర మీద ఏదీ మారదు, చూసే కన్ను మారుతుంది, ఆ మార్పునే కూర్చుని చూస్తాం. చీకటికి కళ్లు అలవాటు పడటాన్ని కళగా నిలబెట్టాలన్న ఆలోచనలోనే ఆయన ప్రతిభంతా కనిపిస్తుంది. తక్కిన రంగురంగుల పెద్ద పనులన్నీ దీనితో పోలిస్తే కాస్త హంగు ఎక్కువైనవే.

జనానికి బాగా తెలిసినవి మాత్రం 'స్కైస్పేస్'లు. ప్రపంచమంతా కలిపి 80కి పైగా ఉన్నాయి. ఒక గది, చుట్టూ బల్లలు, పైకప్పులో ఆకాశానికి తెరిచిన కంత. అంతే. న్యూయార్క్‌లోని పీఎస్1 అనే కళాకేంద్రంలో 1980లో మొదలై 1986లో పూర్తయిన స్కైస్పేస్ పేరు 'మీటింగ్'. క్వేకర్ల ప్రార్థనకూ అదే పేరు. మండువా లోగిలి తెలిసిన తెలుగువాళ్లకు ఇందులో కొత్తేముందని అనిపించవచ్చు. నడిమింట్లో కూర్చుంటే పైన చదరంగా ఆకాశం, వాన వస్తే వాన, వెన్నెల వస్తే వెన్నెల. తేడా అంచులో ఉంది. మండువాలో పెంకుల వరుస, దూలాల కొసలు, వాననీటి జాలు కనిపిస్తూ ఉంటాయి. అవి కనబడుతున్నంతసేపూ ఆకాశం పైనే, దూరంగానే ఉంటుంది. టరెల్ కంతకు అంచు మందం కనబడదు. కొలమానం పోయేసరికి ఆకాశం దూరం వదిలేసి కిందికి దిగి, పైకప్పుకు బిగించిన బట్టలా కూర్చుంటుంది. మేఘం దాటితే పలక మీద మరక జరిగినట్టుంటుంది, పక్షి ఎగిరితే ఒక్కసారి లోతు తిరిగొస్తుంది.

అసలు తమాషా పొద్దుగూకే వేళ. కొన్ని స్కైస్పేస్‌లలో కప్పు మీదకు లోపలి నుంచి రంగు వెలుగు వేస్తారు. కప్పు నారింజగా ఉంటే కంతలోని ఆకాశం నీలం చిక్కబడుతుంది. కప్పు ఆకుపచ్చగా మారితే అదే ఆకాశం ఊదా, గులాబీ వైపు జరుగుతుంది. పైనున్న నిజం ఆకాశానికి ఈ గొడవేమీ తెలియదు. పక్కనున్న రంగును బట్టి కన్ను ఈ రంగును తేలుస్తుందన్నది పాత సంగతే. 19వ శతాబ్దం మొదట్లో పారిస్‌లోని గోబెలాన్ నేతశాలలో నల్లరంగు సరిగా పట్టడం లేదని ఫిర్యాదులొస్తే, మిషెల్ షెవ్రల్ అనే రసాయన శాస్త్రవేత్త అద్దకంలో లోపం లేదని, పక్కన నేసిన రంగుల వల్లే నలుపు వెలిసినట్టు కనిపిస్తోందని తేల్చారు. చీర ఒంటికి అంచు రంగు మార్చి చూసే నేతగాళ్లకు ఆయన చెప్పకపోయినా తెలుసు. కాకపోతే నూలు మారినట్టు కనబడటం వేరు, ఆకాశమే మారినట్టు కనబడటం వేరు. నీలాకాశం అంటే అందరికీ ఉమ్మడి అనుకుంటాం. ఇక్కడ అది ఒక స్విచ్‌కు లొంగిపోతుంది.

ఇవన్నీ ఫొటోల్లో చూసి టరెల్‌ని మెచ్చుకునేవాళ్లు, తిట్టుకునేవాళ్లు ఇద్దరూ ఉన్నారు. ఇద్దరూ చూసింది వేరే వస్తువు. కెమెరా వెలుగును సెకనులో ఏ కొంతలోనో పట్టేస్తుంది. ఈ పనులకు కావలసింది పది, ఇరవై, నలభై నిమిషాల కన్ను. ఫొటోలో మిగిలేది గులాబీరంగు గది, దాని మధ్య నల్లగా నిలబడ్డ మనిషి. సోషల్ మీడియాకు అది చాలు. 2013లో గుగెన్‌హైమ్ మ్యూజియం నడిమి వలయాన్ని మొత్తం వెలుగు వలయాలతో నింపిన 'ఏటెన్ రెయిన్' చూడటానికి జనం నేల మీద పడుకున్నారు, ఫొటోలు వద్దన్నా తీశారు.

విమర్శలో పస లేకపోలేదు. ఆర్భాటం లేని చూపు కోసం ఇంత ఆర్భాటమా అని అడగొచ్చు. ఒక్క గదికి ప్రత్యేకమైన కట్టడం, దీపాలు, కాపలా, డబ్బున్న దాతలు కావాలి. లాస్ వేగాస్‌లో ఒక ఖరీదైన బ్రాండ్ షాపులో కూడా ఆయన గాంజ్‌ఫెల్డ్ ఉంది. ఇంకో తేడా ఆలోచించదగ్గది. 2003లో లండన్‌లోని టేట్ మోడర్న్ మ్యూజియంలో ఓలఫర్ ఎలియాసన్ అనే కళాకారుడు పెట్టిన కృత్రిమ సూర్యుడి కింద లక్షలమంది పడుకుని చూశారు. అది సగం వృత్తం, మిగతా సగం కప్పుకు కట్టిన అద్దంలో ప్రతిబింబం. దాని వెనకవైపుకు నడిచి వెళ్తే దీపాలు, వైర్లు అన్నీ కనబడేలా ఎలియాసన్ వదిలేశారు: ఇది కల్పన, ఇలా చేశాం, అయినా మీకు ఎండలా అనిపించింది చూడండి అని. టరెల్ యంత్రాన్ని దాచేస్తారు. ఆయన గదిలో మోసపోవడానికీ తేరుకోవడానికీ మధ్య ప్రేక్షకుడికి చెయ్యి చాపడం తప్ప వేరే దారి లేదు. ఎలియాసన్ పద్ధతి నిజాయితీ గలదని కొందరంటారు. కానీ దీపం ఎక్కడుందో తెలిసిన మరుక్షణం మనసు 'ఓహో ఇలాగా' అని సర్దుకుని చూడటం మానేస్తుంది. దాచడం వల్లే ఆ చూపు ఇంకాసేపు నిలుస్తుంది.

అన్నిటికంటే పెద్దది అరిజోనాలో ఉంది. 1974లో టరెల్ తన చిన్న విమానంలో అమెరికా పడమటి ప్రాంతాల మీద నెలల తరబడి తిరిగి, ఫ్లాగ్‌స్టాఫ్ ఊరికి ఈశాన్యాన ఎడారిలో రోడెన్ క్రేటర్ అనే చల్లారిన అగ్నిపర్వతాన్ని ఎంచుకున్నారు. 1977లో డియా ఫౌండేషన్ సాయంతో కొన్నారు. చుట్టూ పశువులు మేసే నేల. కొండతో పాటు పశువుల పెంపకమూ ఆయన మీద పడింది. పదిలక్షల ఘనపు గజాలకు మించిన మట్టిని కదిలించి బిలం అంచును సరిచేశారు. ఎందుకంటే ఆకాశం మన కంటికి పూర్తి అర్ధగోళంలా కాదు, కాస్త నొక్కిన గిన్నెలా కనబడుతుంది, ఆ గిన్నె ఆకారం దిగంతపు అంచును బట్టి మారుతుంది. బిలం అడుగున తల వాల్చి పడుకుంటే కొండ అంచు మీద ఆకాశం గుమ్మటంలా ఆనినట్టుండాలన్నది ఆయన లెక్క. కొండలోంచి 850 అడుగులకు పైగా సాగే సొరంగం ఒకటి ఉంది, 18.6 ఏళ్లకొకసారి వచ్చే చంద్రుడి స్థానానికి సరిపోయేలా అమర్చింది. అర్ధశతాబ్దపు పని, ఇంకా జనానికి పూర్తిగా తెరవలేదు. 2019లో ర్యాపర్ కాన్యే వెస్ట్ కోటి డాలర్లిచ్చారు. అది పూర్తయ్యే దాకా ఆగనక్కర్లేదు, ఆయన చెప్పదలచుకున్నది చీకటిగదుల్లోనే చెప్పేశారు.

టెక్సస్‌లో ఉన్న తెలుగువాళ్లకు ఇవి చూడటానికి విమానం ఎక్కే పని కూడా లేదు. హ్యూస్టన్‌లో రైస్ యూనివర్సిటీ ఆవరణలో, గడ్డిదిబ్బ మీద ఒక్కోవైపు 72 అడుగులుండే చదరపు పల్చటి కప్పు, మధ్యలో ఒక్కోవైపు 14 అడుగుల కంతతో 2012 నుంచి 'ట్వైలైట్ ఎపిఫనీ' ఉంది. పొద్దుపొడుపు, పొద్దుగూకుల వేళ దీపాలు మారుతాయి. అదే ఊరి ఫైన్ ఆర్ట్స్ మ్యూజియంలో రెండు భవనాలను కలిపే భూగర్భ మార్గమంతా ఆయన వెలుగే. ఆస్టిన్‌లో టెక్సస్ విశ్వవిద్యాలయంలో మరొక స్కైస్పేస్ ఉంది.

డాలస్‌లో కూడా ఒకటి ఉండేది. 2003లో నాషర్ శిల్ప మ్యూజియం తోటలో కట్టిన 'టెండింగ్, (బ్లూ)'. పక్కవీధిలో 42 అంతస్తుల అపార్ట్‌మెంట్ టవర్ లేచింది. స్కైస్పేస్ బల్ల మీద కూర్చుని తలెత్తితే కంతలో ఒక మూల టవర్ కొస కనబడసాగింది. గోడ పగల్లేదు, దీపం పోలేదు, కప్పుకు గీత కూడా పడలేదు. ఆ కొస ఒక్కటి చాలు, ఆకాశం ఎంత ఎత్తులో ఉందో కన్ను లెక్కగట్టేస్తుంది. ఆ పని ధ్వంసమైపోయిందని టరెల్ ప్రకటించారు, తలుపు మూసేశారు.